రెండు ఆచంద్రార్కములు



ఎవరి స్మృత్యర్థము ఈ ఉపన్యాసము ఏటేట జరుగుచున్నదో ఆ ఆచార్యులవారి యెదుట రెండేండ్లు కూర్చుండి చరిత్ర చదువుకొన్నవాడను గనుక, వారిని గూర్చి రెండు మాటలైన చెప్పక విషయములోనికి దిగుటకు మనసొప్పకున్నది. వారికి పాఠ్యగ్రంథముకంటె పటముమీద నమ్మిక మెండు. అట్టలూడి, పుటలు పసుపువన్నె తేలిన పాత అట్లాసు నొకదానిని చంకనిడుకొని వచ్చి, బల్లమీద పరచి, మమ్ము చుట్టును నిలుచుండబెట్టుకొని, వ్రేలు చూపుచు పాఠము చెప్పెడివారు. ఒకనాడు ఆ వ్రేలు ఐరోపా జాతుల పటముమీద తూర్పుగా సాగి సాగి, రష్యాదేశములో వోల్గానది వంపున, సరాతోవ్ పట్టణము దాపున నిలిచినది. జర్మనుల నివాసభూములకు ఆ పటకారుడు వాడిన రంగే అచ్చటను చిటికెనవ్రేలి గోరంత మేర కనబడుచుండెను. “ఇది మనుష్యులా, అచ్చువాని చేయి జారి పడిన సిరాబొట్టా?” అని వారు ప్రశ్నించిరి. మాలో నొకడు అచ్చుతప్పే అన్నాడు. వారు నవ్వి, వచ్చే వారము చెప్పెదనని అట్లాసు మడిచిరి. వచ్చే వారము పరీక్షలు వచ్చినవి. ప్రశ్న అట్లే నిలిచిపోయినది. నేటి నా ఉపన్యాసమును ఆలస్యముగ అప్పగించుచున్న ఆనాటి పాఠముగా భావింప వేడెదను.

జర్మనుల వలసచరిత్ర యనగానే మనస్సు మొదట అమెరికావైపు పోవుట సహజము. 1683లో క్రెఫెల్డ్ పట్టణమునుండి పదుమూడు కుటుంబములు పోయి ఫిలడెల్ఫియా చెంత జర్మన్‌టౌను కట్టుకొన్ననాటినుండి, పందొమ్మిదవ శతాబ్దమున అర్ధకోటి జనము అట్లాంటిక్ దాటినదాక అదొక మహాప్రవాహము. 1824లో బ్రెజిలు దక్షిణభాగమున సావో లియొపోల్దో వెలసినది; దక్షిణాస్ట్రేలియాలోని బరోసా లోయలో ద్రాక్షతోటలు పండినవి; వీటికన్నిటికి మునుపే, పండ్రెండవ శతాబ్దములో, హంగరీ రాజు పిలుపునందుకొని ట్రాన్సిల్వేనియా కొండలలో కుదురుకొన్నవారు కలరు. ఇంత దూరపు గాథలో మన గడపయు ఒకచోట తగులకపోలేదు. నెపోలియను యుద్ధముల గడబిడలో, 1807లో, హెల్మ్‌స్టెట్ అను జర్మను పట్టణమునుండి పదునాలుగేండ్ల బాలు నొకనిని ఫిలడెల్ఫియాలోని మేనమామ యొద్దకు పంపివేసిరి. ఆ బాలుడే పెరిగి, మతాచార్యుడై, 1842 జూలై 31న గుంటూరు చేరిన హాయరు దొరగారు. గుంటూరి వారు ఆయనను అమెరికా మిషనరీ యందురు. అమెరికా వారు జర్మను ఫాదరీ యనిరి. ఒకే మనిషికి రేవు మారినప్పుడెల్ల పేరు మారుటను ఇచ్చట మీరు గమనింప ప్రార్థన. నేను చెప్పబోవు కథయంతయు ఇట్టి పేరు చుట్టును తిరుగునదే.

ఇక వోల్గాకు పోవుదము. పోవుటకు ముందు ఒక మాట స్పష్టము చేసికొనవలెను. పదునెనిమిదవ శతాబ్దమున ఆ తీరమునకు బయలుదేరినవారు జర్మనీనుండి బయలుదేరలేదు. ఏలయన అప్పటికి జర్మనీ యను రాజ్యమే లేదు. చిన్నవియు పెద్దవియు నైన సంస్థానములు కొన్ని వందలు, ఎవరి సుంకము వారిది, ఎవరి నాణెము వారిది, ఎవరి యాస వారిది. హెస్సె వాడు హెస్సె వాడే, పలాటినేటు వాడు పలాటినేటు వాడే. ఆ యిరువురు సంతలో కలిసినచో ఒకరి మాట ఒకరికి సగమే తెలియును. వీరిని జర్మను లనునొక జాతిగ కట్టి మూటగట్టినది వారి రక్తము కాదు, వారి పాలకులు కాదు. రష్యా చక్రవర్తిని ముద్రించి పంచిన యొక కాగితము.

ఆ చక్రవర్తిని రెండవ కాథరిన్. ఆమెయు వలస వచ్చినదే. 1729లో స్టెటిన్ పట్టణమున, అన్హాల్ట్-త్సెర్బ్‌స్ట్ అను చిన్న రాజకుటుంబమున సోఫీ యను పేర పుట్టి, పదునాలుగేండ్ల ప్రాయమున రష్యాకు పోయి, మతము మార్చుకొని, పేరు మార్చుకొని, 1762లో భర్తను పదచ్యుతుని గావించి సింహాసన మెక్కిన స్త్రీ. ఏలిన రాజ్యములో దక్షిణతూర్పు మైదానములు ఎకరములకెకరములు బీడు. పశువులను తోలుకొని తిరుగు సంచారజాతులకు తప్ప పోక లేదు, రాక లేదు. అచ్చట తన రైతులనే కూర్చుండబెట్టరాదా యన్నచో, రష్యా రైతు దొర భూమికి కట్టుబానిసయై యుండెను. దొర విడువడు, రైతు కదలలేడు. జనసంఖ్యయే ఐశ్వర్యమను నమ్మకము ఐరోపా రాజులనందరను ఆవేశించి యున్న కాలమది. కావున పైనుండి మనుష్యులను దిగుమతి చేసికొనుటకు ఆమె నిశ్చయించినది. 1762 డిసెంబరులో వెలువరించిన మొదటి ప్రకటన రండనియే గాని వచ్చినచో ఏమిత్తుమో చెప్పలేదు, ఎవ్వరును కదలలేదు. ఆ లోపము గ్రహించి 1763 జూలై 22న రెండవ ప్రకటన గావించినది.

ఈ రెండవ ప్రకటన చదువుచున్నప్పుడు నాకు మన తామ్రశాసనములు జ్ఞప్తికి వచ్చును. ఎవరి మతము వారు నెమ్మదిగ ఆచరింపవచ్చును. బీడుభూమిలో కుదురుకొన్నవారికి ముప్పదియేండ్లు పన్ను లేదు. సైన్యములో చేరుమని నిర్బంధము లేదు. ఇల్లు, పశువులు, పనిముట్లు సమకూర్చుకొనుటకు వడ్డీలేని అప్పు. తీర్చుట పదియేండ్ల తరువాత. ఊరి వ్యవహారము ఊరి వారే చూచుకొందురు. కాదు, ఇచ్చట పొసగలేదు, పోయెదమన్నను కొంత పన్ను చెల్లించి పోవచ్చును. మరుసటి యేటి భూమిచట్టము కుటుంబమునకు ముప్పది దెస్యాతినాలు, అనగా మన లెక్కలో సుమారు ఎనుబది యెకరములు, వంశపారంపర్యముగ, శాశ్వతముగ ఇచ్చుచున్నామనెను. మన రాజులైనచో ‘ఆచంద్రార్కము’ అని చెక్కించి యుందురు. మన శాసనములలో ఆ దానమును హరించినవానికి శాపము కూడ ఉండును; కాథరిన్ శాసనములో ఆ శాపభాగము లేదు. తరువాతి కథ చూచినచో అది లేకపోవుట యొక లోటే యని తోచకమానదు.

ఏడేండ్ల యుద్ధము 1763లోనే ముగిసినది. హెస్సె పల్లెలమీదుగ ఫ్రెంచి సేనలును, వారి శత్రుసేనలును మార్చి మార్చి నడచి, పంటయు పశువును తినివేసి, బాకీలు మాత్రము మిగిల్చిపోయిరి. అట్టి పల్లెలలోనికి ప్రకటనపత్రమును చేతబట్టుకొని దళారులు దిగిరి. కొందరు ప్రభుత్వమువారు, కొందరు తలకింత యని లాభము చూచుకొను గుత్తదారులు. దినబత్తెము ఆనాటినుండే మొదలగునని వారు చెప్పిరి. దినబత్తెము! వేదవాక్యముకంటె బలమైన మాట అది, ఆకలిగొన్న చెవికి. పోవువారు బ్యూడింగెన్ అను చిన్న పట్టణమున గుమిగూడుచుండిరి. ఒంటరివారికంటె కుటుంబీకులను దళారులు మెచ్చుచుండిరి గనుక, 1766 వసంతగ్రీష్మములలో ఆ యూరి దేవాలయమున మూడువందలకు పైగ జంటలకు వివాహములు జరిగినట్లు అచ్చటి రిజిస్టరులు చెప్పుచున్నవి. వీరిలో ఎందరు ఒకరినొకరు అంతకుముందు ఎరుగుదురో నాకు తెలియదు. రిజిస్టరు వ్రాసిన పురోహితుడు అడిగి యుండడు. పెండ్లి పుస్తకములోనికెక్కినది, పెండ్లివారు బండి యెక్కిరి. తమ ప్రజలు చేజారిపోవుచున్నారని కలవరపడిన రాజులు నిషేధములు మొదలిడిరి; 1768లో పవిత్ర రోమను చక్రవర్తి జోసెఫ్ తన సామ్రాజ్యమంతట వలసను నిషేధించెను. అప్పటికే ముప్పదివేలమంది దాటిపోయిరి.

ల్యూబెక్ రేవున ఓడ యెక్కి బాల్టిక్ సముద్రము దాటినచో క్రోన్‌ష్టాట్, అచ్చటినుండి ఒరానియన్‌బౌమ్, అచ్చట రాజభక్తి ప్రమాణము. ఆ ప్రమాణముతోడనే తొలి మోసము బయటపడినది. ప్రకటనలో ఇష్టమైన వృత్తి చేసికొనవచ్చునని యుండెను. వచ్చినవారిలో సాలెవారు, వడ్రంగులు, కుమ్మరులు, పట్టభద్రులు, పారిపోయి వచ్చిన సైనికులు ఎందరో. నాగలి పట్టి యెరుగనివారు తక్కువ కాదు. అందరిని రైతులనియే వ్రాసికొని వోల్గాకు నడిపించిరి. ఆ నడకలో శీతకాలము నడుమ వచ్చి, రష్యా పల్లెలలో అన్యుల యిండ్ల పొయ్యిమీద పడుకొని, కరగిన మంచులో మరల బయలుదేరి, మొత్తము ఏడాదికి మించి ప్రయాణము చేసినవారు కలరు.

గెరా పట్టణమునుండి పోయిన క్రిస్టియన్ గాట్‌లోబ్ త్సూగె యనునతడు తరువాత స్వదేశమునకు తప్పించుకొని వచ్చి తన అనుభవమును పుస్తకముగ అచ్చొత్తించెను. అందులో ఒక ఘట్టము నేనెన్నిమార్లు తలచుకొన్నను క్రొత్తగనే యుండును. బండ్లు పోవుచున్నవి. మోకాలిలోతు ఎండుగడ్డి, అటునిటు చిట్టడవి తప్ప కంటికి మరేమియు ఆనుట లేదు. ఎండ యింకను దిగలేదు. ముందు నడచుచున్న అధికారి ‘ఆగుడు’ అనినాడు. రాత్రి విడిదికి ఇంత తొందర యేలనని అందరు ఆశ్చర్యపడిరి. విడిది కాదు, ఇదియే మీ యూరని అతడు చెప్పగా ఒకరి మొగము ఒకరు చూచుకొనిరి. బండ్లు దిగుటకు చాలసేపు ఎవ్వరికిని కాళ్లాడలేదు. ఇండ్లకై పంపిన కలప రాలేదు. కాబట్టి నేలలో గోతులు త్రవ్వి, పైన కొమ్మలును మట్టియు కప్పి, గాదెలో ధాన్యము దాచునట్లు తమ్ముతాము దాచుకొని ఆ చలికాలము గడపిరి. వసంతమున నది పొంగినప్పుడు కొన్ని గోతులు నిండినవి.

1764 జూన్ 29న దోబ్రింక యను మొదటి ఊరు వెలసినది. మూడేండ్లలో 104 గ్రామములైనవి. నది కుడియొడ్డు ఎత్తు గనుక దానిని కొండప్రక్క యనిరి. ఎడమయొడ్డు పల్లము గనుక గడ్డిప్రక్క యనిరి. గడ్డిప్రక్క వారికి సంచారజాతుల దాడులు తప్పలేదు. 1774 మొదలు రెండుమూడేండ్లలో ఊళ్లకు ఊళ్లే తగులబడి, బందీలైనవారు మధ్యాసియా బజారులలో బానిసలుగ అమ్ముడుపోయిరి. అదే 1774లో పుగచోవ్ తిరుగుబాటు సేన ఊళ్లమీదుగ కొట్టుకొని పోయినది. 1769 నాటి గణనలోనే జనము 23 వేలకు దిగియుండెను. ఈ దశలో ఆ వలస నశింపక నిలుచుటయే ఆశ్చర్యము. అది ప్రకటన మహిమ కాదు, వెనుకకు పోవుటకు దారిబత్తెము లేకపోవుట.

సరాతోవ్‌కు దక్షిణముగ సరెప్తా యను నొక స్థానము మాత్రము వేరు పోకడ పోయినది. 1765లో హెర్న్‌హూట్ సోదరసమాజము వారు దానిని కట్టుకొనిరి. ఈ సమాజపు ఫాదరీలు ఆ దశాబ్దములోనే మన తరంగంబాడి చెంతను తోట వేసికొని యుండిరి. సరెప్తా వారు ఆవాలు పండించి నూరి రష్యాకంతటికి ఆవపొడి రుచి నేర్పిరి. సర్పింక యను సన్నని నూలుగుడ్డ నేసిరి. ఆ నేత పొరుగు పల్లెలకు ప్రాకి, శీతకాలమంతయు ఇంటింట మగ్గము చప్పుడు వినబడెడిది.

తక్కిన గ్రామములలో జరిగిన మార్పును నేను ఎక్కువ ముఖ్యమైనదిగ ఎంచెదను. చట్టము ప్రకారము కమతము చీలరాదు. కడగొట్టు కొడుకునకు పోవలెను. పెద్దకొడుకులు వేరు వృత్తి చూచుకొందురని చట్టము వ్రాసినవారి యూహ. ఇంటికి ఏడుగురు ఎనమండుగురు పిల్లలు పుట్టుచుండగా, చుట్టును బీడు తప్ప పట్టణమే లేని చోట పెద్దకొడుకు లేవృత్తి చూచుకొందురు? కాబట్టి వోల్గా వారు ఆ చట్టమును పెట్టెలో పెట్టి, పొరుగు రష్యా రైతుల ఆచారమును పట్టుకొనిరి: భూమి ఊరిది, కొన్నియేండ్ల కొకసారి మగతలల లెక్కన మరల పంచుకొందురు. జర్మనుల ‘జాతిలక్షణము’ లని పుస్తకములకు పుస్తకములు వ్రాసినవారు ఇచ్చట తికమకపడిరి. నల్లసముద్ర తీరమున తరువాత కుదురుకొన్న జర్మనులు కమతము చీల్చక సంపన్నులైరి. వోల్గా వారు పంచుకొని పంచుకొని బీదలైరి. రక్తము ఒక్కటే, పద్దు వేరు.

భాష మాత్రము అమ్మమ్మ లిచ్చిన పెట్టెలోని చీరవలె మడత విప్పక నిలిచెను. ఒక్కొక్క ఊరు ఒక్కొక్క యాస. జర్మనీలో బళ్లును పత్రికలును పాతయాసలను అరగదీయుచుండగా, వోల్గా తీరమున పదునెనిమిదవ శతాబ్దపు హెస్సె పలుకు ఇంకను పొలములో వినబడుచుండెను. తేలేని వస్తువులకు మాత్రము పొరుగువారి మాటలు తెచ్చుకొనిరి. పుచ్చకాయ నెరుగని దేశమునుండి వచ్చినవారికి పుచ్చకాయకు మాట యెక్కడిది? అర్బూస్ అను రష్యామాటనే తీసికొనిరి. ఎండకాలపు చివర ఆ కాయలను బండ్లమీద ఇండ్లకు తోలుకొని, ఎఱ్ఱని గుజ్జును పెద్దకాగులలో పోసి, పొయ్యిక్రింద మంట ఆరనీయక రోజంతయు కాచి, మన చెరకుపానకమువలె నల్లగ తీగసాగు పాకము దింపి, కుండలలో పోసి మూత బిగించెడివారు. ఏడాదికి అదియే తేనె, అదియే పంచదార. ఈ యాసలన్నిటిని ఊరూర తిరిగి సేకరించిన పండితుడు సరాతోవ్ విశ్వవిద్యాలయపు గియోర్గ్ డింగెస్. ఆయనను 1930లో పట్టుకొనిరి. 1932లో సైబీరియా ప్రవాసమున మరణించెను. యాసలను గూర్చి పని చేయుటలో ప్రాణాపాయ మున్నదని మన గిడుగువారికైనను తట్టి యుండదు.

1871 జనవరిలో వెర్సేల్స్ భవనమున జర్మను సామ్రాజ్యము ప్రకటింపబడినది. జర్మనీ యను రాజ్యము మొట్టమొదట పటమున కెక్కినది. అదే యేడాది జూనులో రష్యా చక్రవర్తి రెండవ అలెగ్జాండరు వోల్గా వలసవారి ప్రత్యేకహక్కులను రద్దు గావించెను. ఈ రెంటికి కార్యకారణసంబంధము లేదు. రష్యా తన కట్టుబానిసరైతులను విముక్తులను గావించిన పిదప అందరను ఒకే చట్టము క్రిందికి తెచ్చుచుండెను. అయినను ఆ రెండు తేదీల పొరుగుతనము నాకు ఎప్పుడును విచిత్రముగ తోచును. 1874లో నిర్బంధ సైనికసేవ వచ్చినది. ఆచంద్రార్కము నూటపదునొకండేండ్లకు ముగిసినది.

మరల బండ్లు కట్టిరి. కొందరు కాన్సాసు, నెబ్రాస్కాలకు, కొందరు 1877, 78లలో బ్రెజిలు, అర్జెంటీనాలకు. ఆ కాలముననే నల్లసముద్ర ప్రాంతపు మెన్నొనైట్ మతశాఖ జర్మనులు కాన్సాసునకు తెచ్చిన టర్కీ రెడ్ అను ఎఱ్ఱగోధుమ ఆ దేశపు వ్యవసాయమునే మార్చినదని చెప్పుదురు. నెబ్రాస్కాలో చెరకువలె తీపిగల బీటుదుంప పొలములలో కూలి చేయుచున్న వోల్గా వారిని చూచి పొరుగువారు ఏమని పిలిచిరో తెలియునా? రష్యనులని! అర్జెంటీనాలోను అంతే, నేటికిని ‘రూసో’ అందురు. నూరేండ్లు రష్యాలో జర్మనులనిపించుకొన్నవారు సముద్రము దాటిన మరునాడే రష్యను లైరి.

మిగిలినవారు, అనగా అధికసంఖ్యాకులు, కదలలేదు. 1897 గణనలో రష్యా సామ్రాజ్యమున జర్మను మాతృభాషగ గలవారు సుమారు 18 లక్షలు. మొదటి ప్రపంచయుద్ధమున వారి భూములు లాగుకొను చట్టము వచ్చినది. వోల్గాకు అది పాకునంతలో 1917 విప్లవము అడ్డుపడినది. లెనిన్ ప్రభుత్వము 1918 అక్టోబరులో వారికొక శ్రామిక కమ్యూనును, 1924లో స్వయంపాలక గణతంత్రమును ఇచ్చెను. కాథరిన్ పేరుగల పట్టణము మార్క్స్ పేరు ధరించినది. రాజధాని 1931లో ఎంగెల్స్ అయినది. మార్క్సు లండనులో, ఎంగెల్సు మాంచెస్టరులో జీవితము గడపినవారు గనుక, ప్రవాసులకు ప్రవాసుల పేర్లే పెట్టిరని మా ఆచార్యులవారు ఉండినచో చమత్కరించెడివారు. బళ్లు, పత్రికలు, నాటకశాల అన్నియు జర్మనులోనే. దాని నడుమ 1921 నాటి కరువు, ధాన్యము గాదెలు ఊడ్చుకొనిపోయిన పిమ్మట వచ్చిన కరువు, వేలకువేలను మ్రింగినది. నెబ్రాస్కా, ఓరెగన్ చుట్టములు చందాలు పోగుచేసి గోధుమపిండి పంపిరి. 1932, 33లలో మరల కరువు.

1932లో సోవియట్ ప్రభుత్వము అంతర్గత పాస్‌పోర్టు ప్రవేశపెట్టినది. అందులోను, ఇతర దరఖాస్తులలోను జాతి యని యొక గడి. అలవాటుగ అది అయిదవది. ఆ అయిదవ గడిలో ‘జర్మను’ అని వ్రాయించుకొనునప్పుడు ఎవరికిని అనుమానము కలిగి యుండదు. గణతంత్రమున అది గౌరవమే.

1941లో జర్మనీ సోవియట్ దేశముమీద దండెత్తినది. ఆ యేటి ఆగస్టు 28 నాటి ఉత్తరువు రెండుదినముల పిదప వారి భాషలోనే వెలువడు ‘నాఖ్రిఖ్టెన్’ పత్రికలో అచ్చుపడెను. వోల్గా జిల్లాల జర్మనులలో వేలకొలది, పదివేలకొలది గూఢచారులును విధ్వంసకులును దాగియున్నారనియు, ఎవ్వరును వారిని పట్టి చెప్పలేదు గనుక అందరును దోషులేననియు, కావున అందరను తరలించుచున్నామనియు దాని సారాంశము. సెప్టెంబరు మూడవ వారము ముగియునప్పటికి మూడున్నర లక్షలకు పైగ జనము పశువుల నెక్కించు రైలుపెట్టెలలో కజకిస్తానమునకును సైబీరియాకును పోయిరి. పోవువారి ఆవులను, గోధుమలను అధికారులు లెక్కించి రసీదులు వ్రాసి ఇచ్చిరి. పోయినచోట చూపినచో అంతకంత ఇత్తురని. ఆ రసీదులను కొందరు ముత్తాతనాటి ప్రార్థనపుస్తకములో మడిచిపెట్టుకొని మోసికొని పోయిరి. వెనుక నిలిచిన ఊళ్లలో పాలు పిదుకువారు లేక ఆవులు రాత్రియంతయు అరచెనని అప్పటివారి జ్ఞాపకములలో పదేపదే కనబడును. మరుసటి యేడు ఊళ్ల పేర్లును మార్చివేసిరి.

1942లో పురుషులను, ఆ యేటి అక్టోబరునుండి స్త్రీలను, ముళ్లకంచెల నడుమ శ్రామికసైన్యమునకు తోలిరి: అడవులు నరకుట, గనులు త్రవ్వుట, రైలుదారులు వేయుట. మూడేండ్లలోపు బిడ్డగల తల్లికి మాత్రము మినహాయింపు; బిడ్డకు మూడు నిండిననాడు తల్లికి పిలుపు. 1948 నవంబరు 26న వచ్చిన ఉత్తరువు ఈ ప్రవాసము శాశ్వతమనియు, స్థలము విడిచిపోయిన వానికి ఇరువదియేండ్ల కఠినశిక్ష యనియు శాసించినది. ఇది రెండవ ఆచంద్రార్కము. మొదటి దానికంటె దీని ఆయుర్దాయము చాల తక్కువ. 1955 డిసెంబరులో నిఘా ఎత్తివేసి, విడిచిన యాస్తి అడుగబోమనియు, వోల్గాకు మరలమనియు సంతకము చేయించుకొనిరి. 1964లో గూఢచర్యపు నింద అన్యాయమని ఒప్పుకొన్న ఉత్తరువులోనే, ఇప్పుడున్న చోటనే వేళ్లూనుకొన్నారు గనుక మరల పంపనక్కరలేదని వ్రాసిరి. వేళ్లు ఊనుకొనుట కూడ నేరమునకు సాక్ష్యమైనట్లు! కోరినచోట నివసించు హక్కు 1972లో గాని రాలేదు.

1989 గణనలో సోవియట్ జర్మనులు ఇరువది లక్షలు. అందులో తొమ్మిదిన్నర లక్షలు కజకిస్తానములోనే. గణతంత్రము మరల ఇమ్మని వారు అడిగిరి. 1992 జనవరిలో సరాతోవ్ ప్రాంతమునకు వచ్చిన రష్యా అధ్యక్షుడు యెల్త్సిన్, వోల్గోగ్రాడ్ పరిసరముల నొక సైనికప్రయోగస్థలము కలదు, గుండ్లు ఏరుకొని అచ్చట కాపురముండుడని వెక్కిరించెను. ఆ మాట విని తుది ఆశ చాలించుకొన్నవారు చాలమంది. అప్పటికే జర్మనీ తలుపు తెరచి యుండెను. 1994 ఒక్కయేటనే మునుపటి సోవియట్ దేశములనుండి రెండు లక్షలకు మించి చేరిరి.

చేరుటకు గీటురాయి అయిదవ గడియే. తాతలను, అవ్వలను రైలుపెట్టె నెక్కించిన ఆ మాటయే మనుమనికి వీసాయైనది. 1996నుండి భాషాపరీక్షయు తోడైనది: ఇంట తల్లిదండ్రులనుండి అబ్బిన జర్మనును మాటలాడి చూపవలసి యుండెను. శ్రామికసైన్యములో జర్మను మాటలాడుటకు భయపడి పిల్లలకు నేర్పని తల్లుల పిల్లలు ఆ గదిలో తడబడిరి. నేర్చినవారు ముత్తవ్వ హెస్సె యాసలో బదులు చెప్పగా, వినుచున్న యువాధికారికి ఆ పలుకు ఏ మ్యూజియమునుండి లేచి వచ్చినదో తెలియక ఆగిపోయిన సందర్భము లుండియుండును. లోపలికి వచ్చినవారికి పేరు మార్చుకొను వెసులుబాటు చట్టములోనే కలదు: ఇవాన్ యోహాన్ అయ్యెను, యెవ్గెనీ ఓయ్‌గెన్ అయ్యెను. వీధిలో మాత్రము పొరుగువారు రష్యనులనియే పిలిచిరి. రష్యాలో జర్మనులము, జర్మనీలో రష్యనులము అని వారిలో వాడుకగ చెప్పుకొను మాట యొకటి కలదు, చెప్పునప్పుడు నవ్వుదురట.

మా ఆచార్యులవారి అట్లాసులోని ఆ గోరంత రంగు నేటి పటములలో లేదు. కాథరిన్ పుట్టిన స్టెటిన్ ఊరిలో కూడ నేడు ఆ రంగు లేదు. 1945 తరువాత అది పోలండులోని ష్చెచిన్, అచ్చటి జర్మనులలో దాదాపు అందరను వెడలగొట్టిరి. వోల్గా తీరమున ఆమె పేర వెలసిన పట్టణము నేటికిని మార్క్స్ పేరనే కలదు. అచ్చట 1852లో వలసవారు నిలుపుకొన్న కాథరిన్ కంచువిగ్రహము, పత్రము పట్టిన చేయి చాచి కూర్చున్నది, సోవియట్ కాలమున కొలిమికి పోయెను. 2007లో క్రొత్తది పోసి నిలిపిరి. ఆ పట్టణపు పాతపేరు కావలెనన్నచో కాన్సాసు రాష్ట్రమునకు పోవలెను. 1876 వసంతమున వోల్గానుండి వచ్చిన కుటుంబములు ఎల్లిస్ మండలములో గోధుమచేల నడుమ నొక పల్లె కట్టుకొని, విడిచివచ్చిన ఊరి పేరే దానికి పెట్టుకొనిరి. చిన్న ఊరు, ఒక చర్చి, ఒక శ్మశానవాటిక, కొన్ని ఇండ్లు. పటములో దానికి వేరు రంగేమియు లేదు. పేరు కాథరిన్.